నీడను సాగనంపిన ఫైలు

ఆఫీసులో ఆమెను అందరూ చీపురు అనేవాళ్ళు. చాటుగా కాదు, మొహం మీదే. ఆమె కూడా పలికేది.

ఆ ఆఫీసులో కొత్త ప్రోగ్రాం తయారైతే చప్పట్లు, కేకు, ఫొటోలు. కట్టినవాడికి పేరు, అమ్మినవాడికి ఇంకా పెద్ద పేరు. కానీ ఎంత గొప్ప ప్రోగ్రాం అయినా ఏదో ఒక రోజు మిషన్లోంచి పోవాలి కదా. పోయేటప్పుడు వెనకాల ఎవరు తుడుస్తున్నారని అడిగిన పాపాన ఒక్కడూ పోలేదు. ఆ పని చీపురుది.

తెలియనివాళ్ళ కోసం చెప్పాలి. మనకి కనపడే ప్రోగ్రాం దుకాణం ముందు నిలబడి నవ్వే మనిషి లాంటిది. దానికి వెనకాల సర్వీసులని ఉంటాయి. అవి వెనక గదిలో బస్తాలు మోసే మనుషులు. వాటికి బొమ్మ ఉండదు, తెర మీద చోటు ఉండదు. మిషను లేవగానే లేచి, పడుకునేదాకా చాకిరీ చేస్తాయి. ప్రోగ్రాంని తీసేసేటప్పుడు జనం ముందున్న మనిషిని పంపేసి చేతులు దులుపుకుంటారు. వెనక గదిలో మనిషి అలాగే మోస్తూ ఉంటాడు, ఎవరికోసం మోస్తున్నాడో తెలియకుండా.

చీపురు రాసేది ఒక లైబ్రరీ ఫైలు. అది తనంతట తాను నడవదు, ప్రోగ్రాంని తీసేసేటప్పుడు పిలిస్తేనే వస్తుంది. వెనక గదుల్లోకి దిగి, ఒక్కో సర్వీసు దగ్గరికి పోయి, ఇక కొత్త పని తీసుకోవద్దు అంటుంది. చేతిలో ఉన్న పని ముగిసేదాకా ఆగుతుంది. అప్పుడు సర్వీసుని ఆపి, మిషను దగ్గరున్న పేర్లలోంచి దాని పేరు కొట్టేసి, ఆఖరున తను కూడా చెరిగిపోతుంది. ఈ వరస తప్పితే కొంప కొల్లేరే. తొందరగాళ్ళు ముందు ఫైళ్ళు పీకేస్తారు. మనిషి లోపల నిద్రపోతుండగానే ఇల్లు కూల్చినట్టు!

ఈ పని ఆమె నేర్చుకున్నది పుస్తకాల్లో కొంత. మిగతాది నిద్రలో.

నవ్వొద్దు. మధ్యాహ్నం తిండి అయ్యాక కుర్చీలో వెనక్కి వాలి, కళ్ళు సగం మూసేది. పక్క సీట్లో తుమ్ములాయన ఉండేవాడు. అందరూ రాసినదాన్ని పరీక్షించి సరే అనేది ఆయనే. ఏడాది పొడవునా జలుబు. "దిగింది తల్లి నూతిలోకి" అని గొణుక్కుని, ఆమె ఫోను మోగితే తనే ఎత్తి, "లేరండీ, కింద ఉన్నారు" అని పెట్టేసేవాడు. కింద అంటే ఏ కిందో ఆయనకీ తెలియదు.

ఆమెకు మాత్రం మెట్లు కనపడేవి. అడుగు వేస్తే చప్పుడు చేయని మెట్లు. కింద నీలంగా ఒక వెలుగు. దీపం ఎక్కడుందో తెలియదు, కానీ వెలుగు ఉండేది. పొడుగాటి వసారా, రెండు పక్కలా గదులు. ఒక గదిలో ఒకామె కూర్చుని మిషను గడియారాన్ని అస్తమానం తుడుస్తూ ఉండేది. ఇంకో గదిలో ఒకడు ప్రింటరు పిలుపు కోసం కాగితాల దొంతర ఒళ్ళో పెట్టుకుని జోగేవాడు. తలుపు దగ్గర ఒకడు బయటినుంచి ఎవరైనా తలుపు తడతారేమోనని చెవి రిక్కించుకుని ఉండేవాడు. వాళ్ళకి మొహాలు ఉన్నాయో లేవో ఆమె ఎప్పుడూ సరిగ్గా చూసింది లేదు. చేతులు చూసేది. ఏ చేతిలో ఏం పని ఉందో, ఎవరు ఎవరికి అందిస్తున్నారో చూసుకుని పైకి వచ్చేది. వచ్చాక రాసేది. ఆమె ఫైలు తీసేసిన చోట మళ్ళీ ఎవరూ ఏమీ వెతుక్కోవాల్సిన పని పడలేదు.

ఇక వదిన సంగతి.

చీపురు అన్నావదినలతో ఉండేది. అన్న లిఫ్టులు బాగుచేస్తాడు. ఊళ్ళో ఎంతమందినో పైకి చేర్చినవాడు, ఇంట్లో మాత్రం పెళ్ళానికీ చెల్లెలికీ మధ్య ఇరుక్కుని ఏ అంతస్తుకీ చేరేవాడు కాదు. వదిన టైపింగ్ హాల్లో పనిచేసేది. డాక్టర్లు రోగుల గురించి మాట్లాడి రికార్డు చేసి పంపిస్తారు. హాల్లో ఆడవాళ్ళు చెవులకి హెడ్‌ఫోన్లు పెట్టుకుని అదంతా టైపు చేస్తారు. తలుపు తీసి లోపలికి వెళ్తే రేకుల కప్పు మీద వాన పడుతున్నట్టు ఉంటుంది. అన్ని వరసల్లో అన్ని వేళ్ళు.

ఆ హాల్లో నడిచే ప్రోగ్రాం చీపురు వాళ్ళ కంపెనీదే. పేరు తోడు. మందుల పేర్లు తప్పు కొడితే దిద్దేది, మాట మర్చిపోతే అందించేది. మంచిదే. కానీ తోడు వెనకాల ఇంకొకటి పెట్టారు. దాని పేరు నీడ. అది సర్వీసు, కనపడదు. హాల్లో అన్ని కీబోర్డులనీ ఒక పెద్ద మిషన్లో కూర్చుని వింటుంది. ఎవరి వేలు ఆగినా గాజు గదిలో సూపర్‌వైజర్ తెర మీద ఎర్రచుక్క పడుతుంది. తుమ్మితే ఎర్రచుక్క. డాక్టరు నోట్లో నోట్లో గొణిగితే, ఏమన్నాడబ్బా అని ఆలోచిస్తే ఎర్రచుక్క. ఆలోచించడం కూడా నేరమే ఆ హాల్లో.

గొడవ ఎక్కడ మొదలైందంటే, ఒకరోజు కిటికీ పక్కన కూర్చునే ఆవిడకి ఒక రికార్డు వచ్చింది. డాక్టరు మామూలుగా చెప్పుకుంటూ పోతున్నాడు. బరువు ఇంత, జ్వరం ఇంత, పుట్టి ఇన్ని వారాలు. చెప్తూ చెప్తూ, ఎంత ప్రయత్నించినా బిడ్డ దక్కలేదు అన్నాడు. ఆవిడ వేళ్ళు ఆగిపోయాయి. అంతే. ఏడవను కూడా లేదు, ఊరికే ఆగింది. గాజు గదిలోంచి సూపర్‌వైజర్ వచ్చి, "ఆగాలనుంటే టీ టైములో ఆగు" అన్నాడు.

మర్నాడు హాలంతా ఆగింది. వదిన ముందు వరసలో కూర్చుని చేతులు ఒళ్ళో పెట్టుకుంది. పక్కనావిడ పెట్టుకుంది. ఆ పక్కనావిడ పెట్టుకుంది. వాన వెలిసిపోయింది. గాజు గదిలో తెర మొత్తం ఎర్రబారిపోయి, పెద్దలు దిగివచ్చి, సరే తల్లుల్లారా, తోడు వద్దు నీడా వద్దు, రెండూ తీసేస్తాం అని ఒప్పుకున్నారు.

ఆ సాయంత్రం వదిన వంటగదిలో ఉల్లిపాయలు తరుగుతూ పాట పాడింది. గొంతు బాగుండదు. పాడింది.

"ఏమే మరదలా, మా నీడను ఊడ్చేది నువ్వేనటగా."

"నేను కాదు వదినా, నా ఫైలు."

"ఆ ఫైలేమన్నా ఆకాశంలోంచి ఊడిపడిందా? నీ తెలివేగా. చూడు, మూలమూలలా ఊడ్చాలి. ఇంట్లో ఊడ్చినట్టు కాదు."

"ఇంట్లో నేనెప్పుడు ఊడ్చాను?"

"అదే చెప్తున్నా."

అన్న కిసుక్కున నవ్వి, ఇద్దరూ తన వైపు తిరగడంతో నవ్వు మింగేశాడు. వదిన కత్తి పక్కన పెట్టింది. గొంతు మారింది.

"పరాచికం కాదమ్మాయ్. వాళ్ళెవరూ కంపెనీ మాట నమ్మట్లేదు. తీసేశామని చెప్పి లోపల ఉంచేస్తే మనకేం తెలుస్తుందని అడుగుతున్నారు. తీసేది నా మరదలు, నా ఇంటి మనిషి, నాదీ పూచీ అన్నాను. నా మాట నీ చేతుల్లో ఉంది."

చీపురు తల ఊపింది. తల ఊపడం ఆమెకున్న జబ్బు. మంచికీ ఊపేది, చెడ్డకీ ఊపేది. మాట మాత్రం గొంతు దాటి వచ్చేది కాదు.

మర్నాడు ఆమెను వెన్నసారు పిలిచాడు. కంపెనీ పెద్ద. ఆయన మాట్లాడితే రొట్టె లేకపోయినా తినాలనిపిస్తుంది, అందుకే ఆ పేరు.

"కూర్చో తల్లీ. అలిసిపోయినట్టున్నావు. టీ చెప్పనా? ఏం లేదు, ఆ టైపింగ్ హాలు విషయం. తోడును తీసెయ్. బొమ్మ పోవాలి, మెనూలో పేరు పోవాలి, పూర్తిగా తీసివేయబడింది అని చక్కటి సందేశం రావాలి. ఆడవాళ్ళు చూసి సంతోషించాలి."

"సరేనండీ."

"నీడ జోలికి మాత్రం పోకు."

చీపురు తలెత్తింది.

"నీ ఫైల్లో దాన్ని పిలిచే ఒక్క లైను ఉంటుంది కదా, అది వదిలెయ్. పేరు కూడా మార్చేసి, మిషన్లో ఎప్పటినుంచో ఉన్నదానిలా ఏదో ఒకటి పెట్టు. హాలు పెద్దలకి లెక్కలు కావాలి, ఆడవాళ్ళకి శాంతి కావాలి. పాము చావకూడదు, కర్ర విరగకూడదు. నీకంటే నేర్పుగా ఈ పని ఎవరు చేస్తారు చెప్పు? ఇన్నాళ్ళూ తీసేశావు. ఈసారి కొంచెం తీయకుండా ఉండటమేగా!"

చూశారా, ఎంత మెత్తగా అడిగాడో. దొంగతనం చేయమని ఎవడూ అడగడు. ఒక లైను వదిలెయ్ అంటాడు.

చీపురు తల ఊపింది. ఊపి, బయటికి వచ్చి, తన కుర్చీలో కూర్చుంది. ఎదురుగా తెర. తెరలో తన మొహం, దాని వెనక వదిన మొహం. కాసేపటికి ఆ రెండూ కలిసిపోయాయి. పక్కన తుమ్ములాయన తుమ్మాడు. ఆ తుమ్ము ఎక్కడో దూరంగా, నీళ్ళ అవతలినుంచి వినపడింది. మెట్లు వచ్చాయి.

ఈసారి వసారా అంతా వాన చప్పుడు. వాన కనపడలేదు, చప్పుడే. నీలం వెలుగులో ఆమె గది తర్వాత గది దాటుకుంటూ పోయింది. గడియారం తుడిచే ఆమె తలెత్తి, చివరి గది అన్నట్టు చెయ్యి చూపించింది. నీడ అంటే కోరలుంటాయనుకుంది చీపురు. కళ్ళల్లో నిప్పులుంటాయనుకుంది. చూస్తే వయసు తెలియని ఒక మనిషి, గోడకి చెవి ఆనించి నిలబడి ఉంది. చెవి గోడలో కలిసిపోయేంతగా ఆనించి ఉంది. ఎన్నాళ్ళుగా అలా నిలబడిందో, కాళ్ళ దగ్గర నేల గుంటపడింది.

"ఏం చేస్తున్నావు?" అంది చీపురు.

"వింటున్నాను. మెల్లగా మాట్లాడు."

"ఏం వింటున్నావు?"

"వేళ్ళు. ఎక్కడో ఒకచోట ఆగుతాయి. ఆగితే నేను అరవాలి. నాకు చెప్పింది అంతే."

"ఎందుకు ఆగాయో అడగవా?"

"అడిగే నోరు నాకెక్కడిచ్చారు? అరిచే నోరే ఇచ్చారు." నీడ గోడ మీదనుంచి చెవి తీయకుండానే కళ్ళు తిప్పింది. "మొన్న ఒకామె ఆగింది. అందరూ ఆగినట్టు కాదు. ఆగడంలో కూడా ఏదో చప్పుడు ఉంది. అరవాలా వద్దా అనుకున్నాను. అనుకోవడం నాకు రాదు కాబట్టి అరిచేశాను. ఏమైంది ఆమెకి?"

"తిట్టారు."

నీడ చెవిని గోడకి ఇంకాస్త నొక్కింది. వాన పడుతూనే ఉంది.

"తోడు వెళ్ళిపోతోందటగా. మరి నేనో?"

చీపురు తల ఊపబోయింది. ఏ వైపు ఊపాలో తెలియలేదు.

"ఉంచేస్తారా నన్ను? వేరే పేరు పెట్టి? అప్పుడు నేను అరిస్తే ఎవరికి వినపడుతుంది?"

"గాజు గదిలో ఒకాయనకి."

"ఒక్కడికా? ఇంతమంది వాన ఒక్కడికి చెప్పడానికా నన్ను ఇలా నిలబెట్టారు? కాళ్ళు నొప్పులమ్మా నాకు. ఎవరూ కూర్చోమనలేదు."

కళ్ళు తెరిచేసరికి వెన్నసారు పంపిన టీ చల్లబడి పైన పొర కట్టి ఉంది. చీపురు పొర తీసి పారేసి, టీ తాగేసి, కూర్చుని రాసింది. తోడును తీసే లైన్లు రాసింది. తర్వాత నీడను తీసే లైన్లు రాసింది. కొత్తగా ఏదీ వినొద్దని చెప్పు. వింటున్నది ముగిసేదాకా ఆగు. అప్పుడు ఆపు. అప్పుడు పేరు తీసెయ్. ఒక్క లైను కూడా వదల్లేదు.

తుమ్ములాయన పరీక్షించాల్సిన వంతు వచ్చింది. చదివాడు. మళ్ళీ చదివాడు. ఆమె వైపు వంగి గుసగుసగా, "చీపురమ్మా, పెద్దాయన నాతోనూ అన్నాడు, ఆయన చెప్పింది ఇది కాదేమో" అన్నాడు.



ఆయన గదిలో అటూ ఇటూ చూశాడు. ముక్కు ఎగబీల్చాడు. "తుమ్ము వచ్చేటప్పుడు ఎవడికైనా కళ్ళు మూసుకుపోతాయి. ఆ కాస్తలో ఏదైనా దాటిపోతే నా తప్పు కాదు" అని, ఇల్లెగిరిపోయేలా తుమ్మి, సరే అన్న బటను నొక్కేశాడు.

ఇంటికి వెళ్ళాక వదినకి చెప్పాల్సింది. వెన్నసారు ఇలా అడిగాడు, నేను అలా చేయలేదు అని రెండు ముక్కలు. అన్నం తింటూ చెప్దామనుకుంది, గిన్నెలు కడుగుతూ చెప్దామనుకుంది. చెప్పలేదు. పని చేసేశాను కదా, మాటెందుకు అనుకుంది. వెనక గదుల్లో బతికేవాళ్ళ తెలివి ఇలాగే ఏడుస్తుంది. పని చేస్తే చాలు, నోరు అక్కర్లేదు అనుకుంటారు.

తీసేసే రోజు వచ్చింది. హాల్లో పని ఆపేసి అందరూ లేచి నిలబడ్డారు. ఎత్తయిన కిటికీల్లోంచి ఎండ పలకలు పలకలుగా పడుతోంది. ఎండలో దుమ్ము నెమ్మదిగా తిరుగుతోంది. హెడ్‌ఫోన్లు బల్లల మీద పడి ఉన్నాయి, లోపల ఏ డాక్టర్లో ఇంకా మాట్లాడుతూనే ఉన్నారు, చీమలు గుసగుసలాడినట్టు. వెన్నసారు స్వయంగా వచ్చాడు, కోటు వేసుకుని. సూపర్‌వైజర్ గాజు గదిలోనే ఉండిపోయాడు.

చీపురు పెద్ద మిషను ముందు కూర్చుంది. వదిన అందరికీ వినపడేలా అంది: "మాకు చూపించి తీయాలి. మిషన్లో వెనకాల ఏమేం నడుస్తున్నాయో ఆ పేర్లన్నీ గోడ మీద తెర మీదకి రావాలి. నీడ పోవడం మేం కళ్ళారా చూడాలి."

వెన్నసారు మొహంలో ఒక్క క్షణం వెన్న గడ్డకట్టింది. పేరు మార్చమన్నాను కదా అని గుర్తొచ్చి మళ్ళీ కరిగింది. "తప్పకుండా, తప్పకుండా" అన్నాడు.

చీపురుకి కూడా అదే కావాలి. సర్వీసుల విండో తెరిచింది. గోడ నిండా పేర్లు. మధ్యలో 'నీడ', దాని పక్కన 'నడుస్తోంది' అని. ఆ పేరు పేరులాగే ఉండటం చూసి వెన్నసారు దగ్గాడు. ఆమె అటు తిరగలేదు. బటను నొక్కింది. ఫైలు లోపలికి దిగింది.

తోడు పోయింది. పూర్తిగా తీసివేయబడింది అని సందేశం. ఎవరో చప్పట్లు కొట్టబోయి ఆగారు. గోడ మీద 'నడుస్తోంది' మారి 'ఆగింది' అయింది. హాలు ఊపిరి బిగబట్టింది. ఇప్పుడు ఆ పేరు పోవాలి.

పోలేదు.

చీపురు లిస్టుని మళ్ళీ తాజా చేసింది. పోలేదు. ఫైలుని ఇంకోసారి పిలిచింది. తెర మీద ఒక ముక్క వచ్చింది: ఈ సర్వీసుకి తీసివేత గుర్తు వేసి ఉంది.

"గుర్తు వేసి ఉంటే ఏంటి? తీశారా లేదా?" అంది వెనకనుంచి ఒకావిడ.

"మా ఆయన కూడా కుళాయి బాగుచేస్తానని గుర్తు పెట్టుకున్నాడు. ఇప్పటికీ కారుతూనే ఉంది" అంది ఇంకొకావిడ. నవ్వారు కొందరు. ఆ నవ్వులో నవ్వు లేదు.

"ఆగింది కాబట్టి రేపు మళ్ళీ లేపుతారు. పడుకోబెట్టారంతే!"

వెన్నసారు ఆమె మీదకి వంగాడు. తన మాట ప్రకారమే జరుగుతోందనుకుని చెవిలో, "భేష్. కానీ పేరు మార్చమన్నాను కదా తల్లీ" అన్నాడు. ఆ మాట ఎవరికీ వినపడలేదు. అనడం మాత్రం హాలంతా చూసింది. వదిన చూసింది.

"ఏమే," అంది వదిన. కేక కాదు, కేకైతే ఇంకా నయం. "నువ్వు కూడానా?"

ఒక్క లైను తప్పు లేదు. వరస తప్పలేదు. అయినా గోడ మీద ఆ పేరు అందరి కళ్ళ ముందు అలాగే నిలబడి ఉంది. గుసగుసలు పెరిగి పెరిగి వాన అయ్యాయి. అంతమంది మధ్య, నడి హాల్లో, ఆమె కళ్ళు వాలిపోయాయి.

వసారా. చెవి ఆనించిన గోడ ఇప్పుడు ఖాళీ. నీడ గుమ్మం దగ్గర నిలబడి ఉంది, చంకలో మూట పెట్టుకుని, వెళ్ళడానికి సిద్ధమై. కానీ అడుగు పడట్లేదు. గది పైకప్పు నిండా, గోడల నిండా కళ్ళు. హాల్లో ఉన్న కళ్ళన్నీ అక్కడున్నాయి.

"నేను రెడీయే," అంది నీడ దిగులుగా. "వాళ్ళే వదలట్లేదు. అందరూ నన్నే పట్టుకుని చూస్తుంటే గుమ్మం ఎలా దాటను?"

చీపురు ఉలిక్కిపడి కళ్ళు తెరిచింది. అయ్యో, నా బుద్ధి గడ్డి తిన్నది!

ఆ మిషన్లకి ఒక ధర్మం ఉంది. ఎవరైనా ఒక సర్వీసు మీద విండో తెరిచి పెట్టుకున్నారంటే, దాన్ని ఇంకా ఎవరో చేత్తో పట్టుకున్నట్టు లెక్క. ఆ చెయ్యి వదిలేదాకా తీసేసిన పేరు కూడా పోదు. ఇది ఆమెకి తెలియనిది కాదు. ఇన్నేళ్ళూ ఒంటరిగా, ఎవరూ చూడని గదిలో ఊడ్చిన మనిషి. ఇవాళే మొదటిసారి జనానికి చూపించాలని విండో తెరిచి పెట్టి ఊడ్చింది. చూపించడమే అడ్డం పడింది.

"వదినా," అంది. గొంతు పీలగా వచ్చింది. "ఆ విండో మూసెయ్యాలి."

హాలు భగ్గుమంది.

"ఆహా! కళ్ళు మూసుకోండి, మేం తీసేస్తాం అంటారన్నమాట!"

"ఏ దొంగైనా ముందు దీపమే ఆర్పమంటాడు!"

"మూసేద్దాం, మూసేద్దాం, అమ్మాయి చెప్పింది కదా" అన్నాడు వెన్నసారు హుషారుగా. ఆయన వంత పాడటంతో చీపురు మాటకి ఉన్న కాస్త విలువా పోయింది.

చీపురు లేచి వదిన దగ్గరికి వెళ్ళింది. "మనం చూస్తున్నంతసేపూ అది పోదు వదినా. చూడటం అంటే దానికి పట్టుకోవడమే. ముందే నాకు తట్టాలి, తట్టలేదు. నువ్వే మూసి, నువ్వే మళ్ళీ తెరువు. నేను మిషను ముట్టుకోను."

వదిన ఆమె కళ్ళలోకి చూసింది. ఆ చూపులో ఏముందో చెప్పడం కష్టం. ఒకే గిన్నెలో తిన్న ఏళ్ళు ఉన్నాయి, ఇప్పుడు హాల్లో వెనక నిలబడ్డ ఆడవాళ్ళందరి బరువూ ఉంది. చూపు ఎప్పుడూ తిప్పొద్దని, తిప్పితే మోసపోతామని ఆ ఆడవాళ్ళకి నేర్పింది ఆమే. ఇప్పుడు తనే తిప్పాలి.

"ఇది నీ మీద నమ్మకంతో కాదు," అంది వదిన. "నువ్వు మాట్లాడావు కాబట్టి. నువ్వు మాట్లాడటమే తక్కువ." మౌసు అందుకుని విండో మూసేసింది.

గోడ తెల్లబడింది. ఎండ, దుమ్ము, హెడ్‌ఫోన్లలో చీమల గుసగుస. వదిన మళ్ళీ తెరిచింది.

నీడ అక్కడే ఉంది.

ఎవరో కుర్చీని తన్నారు. కిటికీ పక్కన కూర్చునే ఆవిడ మొహం చేతుల్లో దాచుకుంది. వదిన మాత్రం కదల్లేదు. గోడ వైపు చూస్తూ నిలబడి, నెమ్మదిగా అడిగింది: "నా చెయ్యి వదిలాను. మరి ఇంకెవరి చెయ్యి ఉంది దాని మీద?"

చీపురుకి ఆ ప్రశ్న తట్టలేదు. మిషన్లు తెలిసిన మనిషికి తట్టనిది, మనుషులు తెలిసిన మనిషికి తట్టింది. ఇద్దరూ ఒకేసారి గాజు గది వైపు తిరిగారు.

లోపల సూపర్‌వైజర్ తన తెర మీదకి ముక్కు ఆనించి కూర్చున్నాడు. ఆ తెర మీద అదే విండో. తన నీడ ఉందా పోయిందా అని ఉదయంనుంచి కళ్ళార్పకుండా చూసుకుంటున్నాడు పాపం.

వదిన తలుపు తోసుకుని వెళ్ళింది. "అది మూసెయ్యండి సారూ."

"ఇది నా మిషను. నా మిషన్లో నేనేం చూసుకుంటే మీకెందుకు? ఒకరి తెరలోకి తొంగిచూడటం మర్యాద కాదు."

హాల్లో మొదట ఒకరు నవ్వారు. తర్వాత అందరూ నవ్వారు. ఈసారి నవ్వులో నవ్వు ఉంది. గాజు గోడలకి ఆ నవ్వు తగిలి తిరిగి వచ్చింది. సూపర్‌వైజర్ చెవులు ఎర్రగా కందిపోయాయి. గబుక్కున విండో మూసేశాడు. "నీది కూడా ముయ్యవే" అని వదిన అక్కడినుంచే కేక వేసింది. చీపురు హాలు తెర మీది విండో మూసింది.

ఎవరూ ఎవరి వైపూ చూడలేదు. ఎక్కడికీ చూడలేదు. కొందరు కళ్ళే మూసుకున్నారు. ఎంతసేపో తెలియదు. హాలంతా ఒకే నిద్రలో ఉన్నట్టుంది. ఆ నిద్రలోంచి ఒక మనిషి చంకలో మూటతో, చప్పుడు లేని మెట్ల మీదుగా, ఎండలోకి ఎక్కి వెళ్ళిపోతున్నట్టు చీపురుకి అనిపించింది. మిగతావాళ్ళకి ఏమనిపించిందో ఎవరూ చెప్పలేదు.

వదిన వచ్చి విండో తెరిచింది. పై పేరు, కింది పేరు దగ్గరికి జరిగి ఆనుకుని ఉన్నాయి. మధ్యలో ఎవరూ లేరు.

చప్పట్లు కాదు, ఒక పెద్ద ఊపిరి. అంతమంది ఊపిరికి బల్లల మీద కాగితాలు కదిలాయి.

వెన్నసారు మొహం చూడాలి అప్పుడు! తిట్టాలని ఉంది. తిట్టాలంటే తను ఏం చెప్పాడో, ఆమె ఏం చేయలేదో అందరి ముందూ నోరు విప్పాలి. అందుకని పళ్ళు బిగించి, "మా అమ్మాయి చాలా చక్కగా చేసింది" అన్నాడు. "రా తల్లీ, ఆఫీసుకి వెళ్దాం. దార్లో మాట్లాడుకుందాం."

"ఆగండి," అంది వదిన. "ఏమే, ఇందాక నీ చెవిలో ఏమన్నాడు?"

హాలు చూస్తోంది. వెన్నసారు చిన్నగా తల అడ్డంగా ఊపాడు, ఆమెకి మాత్రమే కనపడేలా. దార్లో మాట్లాడుకుందాం అన్నదాంట్లో ఏముందో చీపురుకి తెలుసు. రేపు ఆ కుర్చీలో వేరేవాళ్ళు కూర్చుంటారు. ఆ ఫైలు వేరేవాళ్ళు రాస్తారు, ఒక లైను వదిలేసి. ఇంకో హాల్లో ఇంకెవరి వేళ్ళో ఆగుతాయి. ఆమె తల ఎప్పటిలాగే ఊగబోయింది. మెడ బిగబట్టి ఆపుకుంది.

"నీడను ఉంచెయ్యమన్నాడు," అంది. "పేరు మార్చి. మీకు తెలియకుండా. నన్ను కూర్చోబెట్టి, టీ ఇస్తానని చెప్పి మరీ అడిగాడు. నీకు ముందే చెప్పాల్సింది వదినా, చెప్పలేదు."

వెన్నసారు కోటు గుండీ పెట్టుకున్నాడు.

వదిన కళ్ళు చెమర్చాయో ఏమో, ఎండ పడుతోంది, తెలియలేదు. మొహం మాత్రం గట్టిగానే పెట్టుకుంది. వెనక్కి తిరిగి హాలు చివరిదాకా చూసి, మళ్ళీ మరదలి వైపు తిరిగింది.

"చివరి వరసకి వినపడలేదు," అంది. "మళ్ళీ చెప్పు."

చీపురు కుర్చీ ఎక్కి నిలబడి, మళ్ళీ చెప్పింది.